తిరిగి విధుల్లోకి తీసుకున్న కార్మికులకు బకాయి వేతనాలు – చట్టం, తీర్పులు, ఆచరణ

(పాత్రికేయులు, అధికారుల సమాచార నిమిత్తం)

దుష్ప్రవర్తన ఆరోపణపై డిస్మిస్ అయిన కార్మికుడిని తిరిగి విధుల్లోకి తీసుకోవాలని లేబర్ కోర్టు ఆదేశించినప్పుడు, ఆయన ఉద్యోగానికి దూరంగా గడిపిన కాలానికి వేతనం చెల్లించాలా, చెల్లిస్తే ఎంత చెల్లించాలి అనే ప్రశ్న తప్పనిసరిగా తలెత్తుతుంది. వివాదం లేబర్ కోర్టులో మొదలై హైకోర్టు, సుప్రీంకోర్టు దాటేసరికి పది, పదిహేను సంవత్సరాలు గడచిపోవడం అరుదైన విషయం కాదు. అప్పటికి కార్మికుడు పదవీ విరమణ వయస్సుకు చేరువై ఉంటాడు లేదా దానిని దాటి ఉంటాడు. ఆ దశలో ఉద్యోగం కంటే బకాయి వేతనమే ఆ కుటుంబానికి ముఖ్యమవుతుంది. సంస్థకు కూడా అదే పెద్ద ఆర్థిక భారంగా పరిణమిస్తుంది.

ఉదాహరణకు నెలకు 12,000 రూపాయల వేతనంపై పనిచేస్తూ తొలగింపునకు గురైన కార్మికుడు 96 నెలల తరువాత తిరిగి విధుల్లో చేరాడనుకుందాం. చివరి వేతనం ప్రకారం లెక్కించినా పూర్తి బకాయి 11,52,000 రూపాయలు. కోర్టు 50 శాతం మంజూరు చేస్తే 5,76,000 రూపాయలు, 25 శాతమైతే 2,88,000 రూపాయలు వస్తాయి. బకాయి వేతనాలు లేవంటే ఏమీ రాదు. ఉత్తర్వులోని ఒకే ఒక వాక్యంపై ఇంత వ్యత్యాసం ఆధారపడి ఉంటుంది. కనుక ఆ వాక్యాన్ని జాగ్రత్తగా చదవడం పాత్రికేయులకూ, దానిని అమలు చేయవలసిన అధికారులకూ అవసరం.

ఉత్తర్వులోని పదాల అర్థం

మన పత్రికలలో "పునర్నియామకం" అనే మాట విరివిగా వాడుకలో ఉంది. అయితే ఈ మాట కొంత పొరపాటుకు తావిస్తుంది. తొలగింపు చెల్లదని ప్రకటించి కార్మికుడిని పూర్వస్థానంలోనే ఉంచడం ఒకటి, అతనిని కొత్తగా ఉద్యోగంలో చేర్చుకోవడం మరొకటి. మొదటి దానిలో పాత సర్వీసు నిలుస్తుంది. రెండవ దానిలో పాత సర్వీసు పోతుంది, సీనియారిటీ మొదటి నుంచి ప్రారంభమవుతుంది, బకాయి వేతనాల ప్రసక్తే ఉండదు. సింగరేణి బొగ్గు గనులలో గైర్హాజరు కారణంగా తొలగించిన కార్మికులను యాజమాన్యం, యూనియన్ల మధ్య కుదిరిన ఒప్పందాల మేరకు బదిలీ వర్కర్లుగా కొత్తగా చేర్చుకున్న సందర్భాలు ఇందుకు ఉదాహరణ. ఈ రెండింటినీ ఒకే మాటతో వ్రాస్తే పాఠకులకు విషయం తారుమారుగా చేరుతుంది. ఈ వ్యాసంలో మొదటి అర్థానికి "తిరిగి విధుల్లోకి తీసుకోవడం" అని వాడుతున్నాము.

లేబర్ కోర్టు అవార్డులో సాధారణంగా మరి మూడు మాటలు కనిపిస్తాయి. సర్వీసు కొనసాగింపు అంటే మధ్యకాలంలో సర్వీసుకు అంతరాయం లేనట్లు పరిగణించడం. గ్రాట్యుటీ, పదవీ విరమణ ప్రయోజనాల లెక్కకు ఇది ముఖ్యం. అనుబంధ ప్రయోజనాలు అంటే ఇంక్రిమెంట్లు, వేతన సవరణ, పదోన్నతికి అర్హత వంటివి. బకాయి వేతనం అంటే ఆ కాలానికి చేతికి అందవలసిన సొమ్ము. ఒకటి ఇచ్చినంత మాత్రాన మిగిలినవి వాటంతట అవే రావు. "అన్ని ప్రయోజనాలతో ఉద్యోగం" అనే శీర్షిక పెట్టే ముందు అవార్డు చివరి పేరాను ఒకసారి చూడటం మంచిది. పేచీ అంతా అక్కడే ఉంటుంది.

1971 సవరణతో వచ్చిన మార్పు

పారిశ్రామిక వివాదాల చట్టం 1947లో వచ్చినప్పటికీ, క్రమశిక్షణ చర్యలలో యాజమాన్యం విధించిన శిక్షను మార్చే అధికారం ట్రైబ్యునళ్లకు తొలినాళ్లలో పరిమితంగానే ఉండేది. ఇండియన్ ఐరన్ అండ్ స్టీల్ కంపెనీ కేసులో 1958లో సుప్రీంకోర్టు ఆ పరిమితులను వివరించింది. యాజమాన్యానికి సదుద్దేశం లేనప్పుడు, కక్ష సాధింపు జరిగినప్పుడు, సహజ న్యాయ సూత్రాలను ఉల్లంఘించినప్పుడు, నిర్ధారణలకు ఏ ఆధారమూ లేనప్పుడు మాత్రమే ట్రైబ్యునల్ జోక్యం చేసుకోవచ్చునని పేర్కొంది. తప్పు చిన్నది, శిక్ష పెద్దది అన్న కారణం మాత్రమే చాలేది కాదు.

1971 డిసెంబరు 15 నుంచి అమలులోకి వచ్చిన సెక్షన్ 11-ఎ ఈ పరిస్థితిని మార్చివేసింది. డిస్మిస్ లేదా డిశ్చార్జి ఉత్తర్వు సమర్థనీయం కాదని భావిస్తే దానిని రద్దు చేయడానికి, తగిన షరతులతో కార్మికుడిని తిరిగి విధుల్లోకి తీసుకోవాలని ఆదేశించడానికి, లేదా తక్కువ శిక్ష విధించడానికి లేబర్ కోర్టులకు, ట్రైబ్యునళ్లకు అధికారం లభించింది. ఫైర్‌స్టోన్ టైర్ కంపెనీ కేసులో 1973లో సుప్రీంకోర్టు ఈ సెక్షన్ పరిధిని సవివరంగా విశదీకరించింది. సెక్షన్‌లోని "తగిన షరతులు" అనే మాటే బకాయి వేతనాలపై కోర్టులకు గల విచక్షణాధికారానికి మూలం.

వ్యక్తిగత తొలగింపును పారిశ్రామిక వివాదంగా పరిగణించే సెక్షన్ 2-ఎ అంతకుముందే 1965లో చట్టంలో చేరింది. ఈ విషయంలో ఆంధ్రప్రదేశ్ ఒక అడుగు ముందుకు వేసింది. ప్రభుత్వ రిఫరెన్సు కోసం వేచి చూడకుండా తొలగింపునకు గురైన కార్మికుడు నేరుగా లేబర్ కోర్టును ఆశ్రయించే వీలును 1987లోనే రాష్ట్ర సవరణ ద్వారా కల్పించింది. కేంద్ర చట్టంలో ఇటువంటి వీలు 2010 సెప్టెంబరు 15 నుంచి మాత్రమే అమలులోకి వచ్చింది. కేంద్ర సవరణలో రాజీ అధికారికి దరఖాస్తు చేసుకున్న తరువాత 45 రోజులు ఆగాలన్న నిబంధన, తొలగింపు తేదీ నుంచి మూడేళ్ల గడువు ఉన్నాయి.

పూర్తి వేతనమే సాధారణ సూత్రమా?

హిందుస్థాన్ టిన్ వర్క్స్ కేసులో 1978లో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం ఇచ్చిన తీర్పు ఈ విషయంలో పునాది వంటిది. జస్టిస్ డి.ఎ.దేశాయ్ వ్రాసిన ఆ తీర్పు ప్రకారం తొలగింపు చెల్లదని తేలినప్పుడు పూర్తి బకాయి వేతనం చెల్లించడం సాధారణ సూత్రం. దాని నుంచి మినహాయింపు కోరే యాజమాన్యం అందుకు కారణాలు చూపాలి. అయినా కంపెనీ ఆర్థిక పరిస్థితిని దృష్టిలో ఉంచుకుని ఆ కేసులో 75 శాతమే మంజూరు చేయడం గమనార్హం. అది రిట్రెంచ్‌మెంటుకు సంబంధించిన వివాదం, దుష్ప్రవర్తనకు సంబంధించినది కాదు. ఈ భేదాన్ని మరచి ఆ తీర్పును అన్ని కేసులకూ వర్తింపజేయడం వల్ల తరువాతి కాలంలో కొంత అయోమయం ఏర్పడింది. 1980లో మన రాష్ట్రానికి చెందిన జస్టిస్ ఒ.చిన్నపరెడ్డి కూడా సామాన్యంగా తిరిగి విధుల్లోకి తీసుకోవడంతో పాటు పూర్తి వేతనం రావలసిందేనని, అసాధారణ పరిస్థితులలో మాత్రమే దానికి భిన్నమైన నిర్ణయం తగునని అభిప్రాయపడ్డారు.

2000 తరువాత న్యాయస్థానాల ధోరణిలో మార్పు వచ్చింది. హర్యానా రోడ్వేస్ కేసులో 2005లో బకాయి వేతనాలకు మూస సూత్రమేదీ లేదని సుప్రీంకోర్టు పేర్కొంది. నియామక పద్ధతి, నియామక స్వభావం, సర్వీసు కాలం వంటి అంశాలను పరిశీలించాలని చెప్పింది. పదేళ్లు, ఇరవై ఏళ్లు సక్రమంగా పనిచేసిన వ్యక్తికీ, కొద్ది నెలలు తాత్కాలికంగా పనిచేసిన వ్యక్తికీ ఒకే కొలత తగదన్నది ఆ తీర్పు సారాంశం. ఉత్తరప్రదేశ్ స్టేట్ బ్రాస్‌వేర్ కార్పొరేషన్ కేసులో 2005లో బకాయి వేతనాలు యాంత్రికంగా మంజూరు చేసేవి కావని చెబుతూ 25 శాతానికి పరిమితం చేసింది.

దుష్ప్రవర్తన రుజువైనప్పుడు

అసలు చిక్కు ఇక్కడే ఉంది. లేబర్ కోర్టు ముందుకు వచ్చే క్రమశిక్షణ కేసులు స్థూలంగా రెండు రకాలు. ఒకటి, కార్మికుడు ఏ తప్పూ చేయలేదని, లేదా యాజమాన్యం తప్పుడు అభియోగం మోపిందని తేలినవి. రెండు, తప్పు జరిగిన మాట నిజమే కాని దానికి ఉద్యోగం తీసివేయడం మితిమీరిన శిక్ష అని కోర్టు భావించినవి. మొదటి రకంలో పూర్తి బకాయి వేతనం ఇవ్వడానికి సాధారణంగా అభ్యంతరం ఉండదు. రెండవ రకంలో పరిస్థితి అలా కాదు.

జె.కె.సింథటిక్స్ కేసులో 2007లో జస్టిస్ ఆర్.వి.రవీంద్రన్ ఈ భేదాన్ని స్పష్టంగా గుర్తించారు. తప్పు రుజువై, శిక్ష మాత్రమే తగ్గించిన సందర్భంలో తిరిగి విధుల్లోకి తీసుకోవడం తక్కువ శిక్ష విధించినందువల్ల కలిగిన ఫలితమే తప్ప నిర్దోషి అని తేలినందువల్ల కలిగినది కాదు. అటువంటప్పుడు బకాయి వేతనం సహజంగా వచ్చేది కాదని, కోర్టు ఇవ్వదలచుకుంటే ప్రత్యేకంగా ఆదేశించాలని ఆ తీర్పు చెప్పింది. మధ్యకాలపు వేతనం పోవడం కూడా శిక్షలో భాగమేనన్న ఆలోచన దీని వెనుక ఉంది.

ఈ తర్కంలో బలం ఉన్న మాట నిజమే. అయితే శిక్ష ఎంత అన్నది కోర్టు నిర్ణయించినట్లు కాక, వ్యాజ్యం ఎన్నేళ్లు సాగితే అంత అయ్యే ప్రమాదం కూడా ఇందులో ఉంది. రెండు ఇంక్రిమెంట్ల నిలుపుదల చాలని కోర్టు భావించిన తప్పుకు పన్నెండేళ్ల వేతనం పోవడం ఏ నిష్పత్తికీ సరిపడదు. అందుకే అనేక లేబర్ కోర్టులు 25, 50 శాతం వంటి మధ్యేమార్గాన్ని అనుసరిస్తున్నాయి.

మహారాష్ట్రకు చెందిన ఒక ఉపాధ్యాయురాలి కేసులో 2013 ఆగస్టులో జస్టిస్ జి.ఎస్.సింఘ్వీ నేతృత్వంలోని ధర్మాసనం పూర్వపు తీర్పులన్నింటినీ సమీక్షించింది. అన్యాయంగా తొలగించిన సందర్భంలో సర్వీసు కొనసాగింపు, బకాయి వేతనాలతో తిరిగి తీసుకోవడమే సాధారణ సూత్రమని పునరుద్ఘాటించింది. అయితే సర్వీసు కాలం, రుజువైన దుష్ప్రవర్తన ఉంటే దాని స్వభావం, యాజమాన్యపు ఆర్థిక స్థితి వంటివి కోర్టు పరిశీలించవచ్చునని చెప్పింది. విచారణ సక్రమంగా జరిగి శిక్ష మాత్రమే అధికమైన కేసులలో పూర్తి వేతనం నిరాకరించే విచక్షణ కోర్టుకు ఉందని అంగీకరించింది. తప్పు లేదని తేలినా, అబద్ధపు అభియోగం అని తేలినా పూర్తి వేతనం ఇవ్వడం న్యాయమని స్పష్టం చేసింది. కోర్టులలో జాప్యానికి కార్మికుడిని శిక్షించరాదన్న వాక్యం ఈ తీర్పులో ప్రత్యేకంగా గుర్తుంచుకోదగినది. సర్వీసు కొనసాగింపును హక్కుగా కోరలేరన్న జె.కె.సింథటిక్స్ వ్యాఖ్య ముగ్గురు న్యాయమూర్తుల తీర్పులకు విరుద్ధమని కూడా పేర్కొంది. కాబట్టి 2007 తీర్పును ఉదహరించే అధికారులు 2013 తీర్పును కూడా పక్కన పెట్టుకుని చదవవలసి ఉంటుంది.

ఇటీవలి ఉదాహరణ 2025 ఫిబ్రవరిలో వెలువడిన మహారాష్ట్ర ఆర్టీసీ డ్రైవరు కేసు. ప్రమాదానికి బాధ్యుడంటూ సంస్థ ఆయనను తొలగించింది. అదే ప్రమాదంపై మోటారు ప్రమాదాల ట్రైబ్యునల్‌లో లారీ డ్రైవరుదే తప్పని తేలింది. ఒక వేదికపై ఒక మాట, మరొక వేదికపై మరొక మాట చెల్లవన్న రీతిలో సాగిన ఆ కేసులో సుప్రీంకోర్టు 75 శాతం బకాయి వేతనం చెల్లించాలని ఆదేశించింది. రవాణా సంస్థల క్రమశిక్షణ విభాగాలు తమ న్యాయ విభాగాలు నష్టపరిహారం కేసులలో దాఖలు చేసే కౌంటర్లను చూసే అలవాటు చేసుకుంటే ఇటువంటి పరిస్థితి రాదు.

డబ్బు అపహరణకు సంబంధించిన అభియోగాల విషయంలో మాత్రం కోర్టుల వైఖరి కఠినంగానే ఉంది. కండక్టరు ప్రయాణికుల నుంచి ఛార్జీ వసూలు చేసి టికెట్ ఇవ్వకపోవడం వంటి కేసులలో మొత్తం చిన్నదా పెద్దదా అన్నది ముఖ్యం కాదని, సంస్థకు కలిగిన విశ్వాసభంగమే ముఖ్యమని సుప్రీంకోర్టు పలు తీర్పులలో చెప్పింది. అటువంటి విచారణలో ప్రయాణికులను సాక్షులుగా పిలిచి తీరాలన్న నియమం లేదని 1977లోనే జస్టిస్ వి.ఆర్.కృష్ణయ్యర్ హర్యానా కండక్టరు కేసులో స్పష్టం చేశారు.

విచారణ లోపభూయిష్టమైనప్పుడు

సంజాయిషీకి అవకాశం ఇవ్వకపోవడం, సాక్షులను ప్రశ్నించనివ్వకపోవడం, పత్రాలు ఇవ్వకపోవడం వంటి కారణాలతో శాఖాపరమైన విచారణ చెల్లదని తేలవచ్చు. దానితో కార్మికుడు నిర్దోషి అయినట్లు కాదు. యాజమాన్యం కోరితే లేబర్ కోర్టు ముందే సాక్ష్యాలు చూపి అభియోగాన్ని రుజువు చేసుకోవచ్చు. అలా రుజువైతే తొలగింపు ఏ తేదీ నుంచి అమలులోకి వచ్చినట్లు? మొదటి ఉత్తర్వు తేదీ నుంచా, అవార్డు తేదీ నుంచా? ఈ ప్రశ్నపై భిన్నాభిప్రాయాలు చాలాకాలం కొనసాగాయి. మొదటి ఉత్తర్వు తేదీకే అది వర్తిస్తుందని 1990 దశకంలో సుప్రీంకోర్టు నిర్ధారించింది. దానితో మధ్యకాలపు వేతనానికి ఆధారం లేకుండా పోయింది.

హైదరాబాద్‌లోని ఈసీఐఎల్ సంస్థ కేసులో రాజ్యాంగ ధర్మాసనం 1993 అక్టోబరు 1న ఇచ్చిన తీర్పు దేశమంతటా క్రమశిక్షణ చర్యల తీరును మార్చింది. విచారణాధికారి వేరే వ్యక్తి అయినప్పుడు, ఆయన నివేదిక ప్రతిని శిక్ష నిర్ణయించే ముందే ఉద్యోగికి ఇవ్వాలని ఆ తీర్పు చెప్పింది. నివేదిక ఇవ్వనంత మాత్రాన శిక్షను యాంత్రికంగా రద్దు చేయరాదు. ఇవ్వకపోవడం వల్ల ఉద్యోగికి నష్టం జరిగిందా అని కోర్టు చూడాలి. నష్టం జరిగిందని భావించి శిక్షను రద్దు చేస్తే, విచారణను ఆ దశ నుంచి కొనసాగించే స్వేచ్ఛ యాజమాన్యానికి ఉంటుంది. ఆ మధ్యకాలపు బకాయి వేతనం విషయం తుది ఫలితాన్ని బట్టి నిర్ణయించాలి. అంటే ఇటువంటి ఉత్తర్వు వచ్చిన రోజున కార్మికుడు గెలిచాడని గాని, ఓడాడని గాని వ్రాయడానికి వీలులేదు.

క్రిమినల్ కేసులో నిర్దోషిగా విడుదలైన వారి విషయం వేరు. శిక్ష పడినందున తొలగించిన ఉద్యోగి అప్పీలులో విడుదలై తిరిగి విధుల్లో చేరినా, ఆ ప్రాసిక్యూషన్‌లో యాజమాన్యానికి ఎటువంటి పాత్రా లేనప్పుడు బకాయి వేతన భారం దానిపై మోపడం తగదని గుజరాత్ విద్యుత్ బోర్డు కేసులో 1996లో సుప్రీంకోర్టు అభిప్రాయపడింది.

వేరే ఉపాధి – రుజువు బాధ్యత ఎవరిది?

తొలగింపునకు గురైన వ్యక్తి చేతులు ముడుచుకుని కూర్చోలేడు. ఆటో నడుపుతాడు, కూలికి వెళతాడు, కిరాణా కొట్టు పెట్టుకుంటాడు. ఆ సంపాదనను బకాయి వేతనం నుంచి మినహాయించాలా అన్నది ప్రతి కేసులోనూ వచ్చే వాదన. కేంద్రీయ విద్యాలయ సంగఠన్ కేసులో 2005లో, తనకు లాభదాయకమైన ఉపాధి లేదని చెప్పవలసిన ప్రాథమిక బాధ్యత ఉద్యోగిదేనని సుప్రీంకోర్టు పేర్కొంది. 2013 తీర్పు దీనిని మరింత స్పష్టం చేసింది. ఉద్యోగి తనకు ఉపాధి లేదని, లేదా తక్కువ వేతనంతో పనిచేశానని చెబితే చాలు. కాదనే యాజమాన్యం ఆధారాలతో నిరూపించాలి. లేని దానిని రుజువు చేయమని ఎవరినీ అడగలేము కదా.

ఆచరణలో రెండు పక్షాలూ ఈ అంశాన్ని అశ్రద్ధ చేస్తున్నాయి. కార్మికుల తరఫు దరఖాస్తులలో ఉపాధి లేదన్న ఒక్క వాక్యం లేక, యాజమాన్యం కౌంటరులో ఖండన లేక, ఏళ్ల తరువాత హైకోర్టులో ఈ విషయంపై వాదోపవాదాలు జరుగుతుంటాయి. పొట్టకూటికి చేసిన చిన్నాచితకా పనులను తగిన ఉపాధిగా పరిగణించడానికి కోర్టులు సాధారణంగా మొగ్గు చూపవు.

ఇంక్రిమెంట్లు – ఏపీఎస్ఆర్టీసీ కేసులు

అనధికారికంగా గైర్హాజరైన ఏపీఎస్ఆర్టీసీ కండక్టరు ఒకరిని సంస్థ తొలగించగా, లేబర్ కోర్టు బకాయి వేతనాలు లేకుండా, సర్వీసు కొనసాగింపుతో తిరిగి తీసుకోవాలని ఆదేశించింది. సర్వీసు కొనసాగింపు ఉన్నందున మధ్యకాలపు ఇంక్రిమెంట్లు కూడా కలిపి వేతనం స్థిరీకరించాలని ఆయన కోరారు. వివాదం సుప్రీంకోర్టు వరకు వెళ్లింది. 2003లో జస్టిస్ ఆర్.సి.లహోటి ధర్మాసనం ఈ వాదనను అంగీకరించలేదు. సర్వీసు కొనసాగింపు వేరు, ఆ కాలంలో విధులు నిర్వర్తించినట్లు భావించి ఇంక్రిమెంట్లు ఇవ్వడం వేరు అని, అటువంటి ప్రయోజనానికి స్పష్టమైన ఆదేశం ఉండాలని చెప్పింది. 2005లో ఇదే సంస్థకు చెందిన మరొక కేసులోనూ ఇదే అభిప్రాయం వ్యక్తమైంది.

ఈ రెండు తీర్పుల ప్రభావం నెల వేతనంపైనే గాక విరమణ ప్రయోజనాలపైన కూడా ఉంటుంది. ఎనిమిది ఇంక్రిమెంట్లు తగ్గిన మూలవేతనం ఉద్యోగ జీవితం చివరి వరకూ తగ్గిన మూలవేతనమే. బకాయి వేతనం ఒకసారి పోయే నష్టం కాగా ఇది ప్రతి నెలా పోయే నష్టం. లేబర్ కోర్టులో వాదించే యూనియన్ ప్రతినిధులు బకాయి శాతంపై చూపినంత శ్రద్ధ "అనుబంధ ప్రయోజనాలు" అన్న మాట చేర్చించడంపై చూపడం లేదనిపిస్తుంది.

2020 జనవరి 1 నుంచి ఏపీఎస్ఆర్టీసీ ఉద్యోగులను ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వ ప్రజా రవాణా శాఖలో విలీనం చేసిన సంగతి విదితమే. అందువల్ల ఆంధ్రప్రదేశ్‌లో ఈ తరహా కేసులను పరిశీలించేటప్పుడు ఉత్తర్వు తేదీ విలీనానికి ముందుదా, తరువాతిదా అన్నది మొదట చూడాలి.

అప్పీలు కాలంలో వేతనం – సెక్షన్ 17-బి

లేబర్ కోర్టులో గెలిచిన కార్మికుడు హైకోర్టు స్టే వల్ల మళ్లీ ఏళ్ల తరబడి వేచి చూడవలసిన పరిస్థితిని దృష్టిలో ఉంచుకుని 1982లో సవరణ చేసి, 1984 ఆగస్టు 21 నుంచి సెక్షన్ 17-బి అమలులోకి తెచ్చారు. తిరిగి విధుల్లోకి తీసుకోవాలన్న అవార్డుపై యాజమాన్యం హైకోర్టుకు గాని, సుప్రీంకోర్టుకు గాని వెళితే, ఆ వ్యాజ్యం తేలేవరకు చివరిగా తీసుకున్న పూర్తి వేతనాన్ని కార్మికుడికి చెల్లించాలి. తనకు ఏ సంస్థలోనూ ఉద్యోగం లేదని ఆయన అఫిడవిట్ దాఖలు చేయాలి. తగిన వేతనంతో వేరే చోట పనిచేస్తున్నట్లు రుజువైతే ఆ కాలానికి చెల్లింపు ఉండదు.

"చివరిగా తీసుకున్న వేతనం" అంటే తొలగింపు నాటి వేతనమే తప్ప సవరించిన వేతనం కాదని దేనా బ్యాంకు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. యాజమాన్యం చివరకు గెలిచినా ఈ మొత్తాన్ని తిరిగి వసూలు చేసుకునే అవకాశం లేదు. ఇది బకాయి వేతనం కాదు, వ్యాజ్య కాలంలో జీవనాధారం మాత్రమే. రెండింటినీ కలిపి వ్రాయడం వల్ల "అప్పీలులో ఉండగానే బకాయిలు చెల్లింపు" వంటి తప్పు వార్తలు వస్తుంటాయి.

సస్పెన్షన్ కాలపు జీవనభృతి ఇంకొకటి. స్టాండింగ్ ఆర్డర్ల చట్టంలో 1982లో చేర్చిన నిబంధన ప్రకారం మొదటి 90 రోజులకు వేతనంలో 50 శాతం, విచారణ జాప్యానికి కార్మికుడు కారణం కానప్పుడు ఆ తరువాతి కాలానికి 75 శాతం చెల్లించాలి.

ప్రభుత్వోద్యోగుల విషయం

ప్రభుత్వోద్యోగులకు లేబర్ కోర్టు విచక్షణ కాక ఫండమెంటల్ రూల్సు వర్తిస్తాయి. అప్పీలులో గాని, రివ్యూలో గాని తిరిగి విధుల్లోకి తీసుకున్న వారికి ఎఫ్.ఆర్.54, కోర్టు ఉత్తర్వు వల్ల తీసుకున్న వారికి ఎఫ్.ఆర్.54-ఎ, సస్పెన్షన్ ముగిసిన వారికి ఎఫ్.ఆర్.54-బి చూడాలి. పూర్తిగా నిర్దోషి అని తేలిన ఉద్యోగికి పూర్తి వేతనం, భత్యాలు లభిస్తాయి. ఆ కాలాన్ని డ్యూటీగా పరిగణిస్తారు. రాజ్యాంగంలోని 311 అధికరణం కింది విధివిధానాలు పాటించలేదన్న ఒకే కారణంపై కోర్టు ఉత్తర్వును రద్దు చేసి, యోగ్యతలపై నిర్దోషిగా తేల్చకపోతే, పూర్తి మొత్తం కాకుండా కొంత భాగాన్ని అధికారి నిర్ణయిస్తారు. అయితే ముందుగా ఉద్యోగికి నోటీసు ఇచ్చి వివరణ తీసుకోవాలి. ఆ మొత్తం జీవనభృతి కంటే తగ్గరాదు. వేరే ఉద్యోగంలో సంపాదించినది సర్దుబాటు చేస్తారు.

ఈ నోటీసు ఇవ్వకుండానే ఆ కాలాన్ని "నాట్ డ్యూటీ"గా ఉత్తర్వులివ్వడం, దానిపై ఉద్యోగి మళ్లీ కోర్టుకు వెళ్లడం పాలనాపరంగా తరచు కనిపించే లోపం. తిరిగి చేర్చుకునే ఉత్తర్వులోనే మధ్యకాలం గురించి స్పష్టమైన నిర్ణయం ఉండాలని నిబంధనలు కోరుతున్నాయి. "విడిగా ఉత్తర్వులు జారీ చేయబడును" అన్న వాక్యం వ్రాసి ఫైలు మూసివేయడం వల్ల రెండవ వివాదం మొదలవుతుంది.

వసూలు, పన్ను

అవార్డు వచ్చినంత మాత్రాన సొమ్ము చేతికి రాదు. 1947 చట్టం కింద అవార్డును ప్రభుత్వం ప్రచురించిన 30 రోజుల తరువాత అది అమలుకు అర్హమయ్యేది. మొత్తం స్పష్టంగా ఉంటే సెక్షన్ 33-సి(1) కింద ధ్రువపత్రం పొంది కలెక్టరు ద్వారా భూమిశిస్తు బకాయి మాదిరిగా వసూలు చేయించుకోవచ్చు. మొత్తం లెక్కించవలసి ఉంటే 33-సి(2) కింద లేబర్ కోర్టుకు వెళ్లాలి. అవార్డులో లేని హక్కును ఈ దరఖాస్తులో కొత్తగా కోరడానికి వీలులేదు. పైన పేర్కొన్న ఇంక్రిమెంట్ల వంటి వివాదాలు తరచు ఇక్కడే తలెత్తుతాయి.

పలు సంవత్సరాల వేతనం ఒకే ఏడాది చేతికి రావడం వల్ల ఆదాయపు పన్ను ఎక్కువ శాతానికి చేరుతుంది. 1961 ఆదాయపు పన్ను చట్టం సెక్షన్ 89 ద్వారా కల్పించిన ఉపశమనం ఇటువంటి వారి కోసమే. బకాయిని సంబంధిత సంవత్సరాలకు పంచి లెక్కిస్తే పన్ను భారం తగ్గుతుంది. వేతన బిల్లు తయారుచేసే అధికారి సంవత్సరాల వారీ పట్టికను కార్మికుడికి ఇవ్వకపోతే ఈ ఉపశమనం పొందడం కష్టం.

పారిశ్రామిక సంబంధాల కోడ్

పార్లమెంటు 2020లో ఆమోదించిన పారిశ్రామిక సంబంధాల కోడ్ 2025 నవంబరు 21 నుంచి అమలులోకి వచ్చింది. 1947 చట్టం, స్టాండింగ్ ఆర్డర్ల చట్టం, ట్రేడ్ యూనియన్ల చట్టం దీనిలో విలీనమయ్యాయి. శిక్షను రద్దు చేసి తిరిగి విధుల్లోకి తీసుకోవాలని ఆదేశించే అధికారం, పై కోర్టులలో వ్యాజ్యం నడిచే కాలంలో వేతనం చెల్లించాలన్న నియమం, వ్యక్తిగత తొలగింపును వివాదంగా పరిగణించడం కొత్త కోడ్‌లోనూ ఉన్నాయి. కనుక 1978 నుంచి వచ్చిన తీర్పుల ప్రాధాన్యం తగ్గలేదు. లేబర్ కోర్టుల స్థానంలో న్యాయ సభ్యుడు, పరిపాలన సభ్యుడు ఉండే ట్రైబ్యునళ్లను కోడ్ నిర్దేశించింది. సస్పెన్షన్ తేదీ నుంచి సాధారణంగా 90 రోజులలో విచారణ పూర్తి కావాలని చెప్పింది.

కార్మికులకు తెలియజేయవలసిన ముఖ్యమైన మార్పు గడువు విషయంలో ఉంది. వివాదం తలెత్తిన తేదీ నుంచి రెండేళ్లు దాటిన తరువాత రాజీ అధికారి ప్రక్రియ చేపట్టడానికి వీలులేదు. 2010 సవరణ ప్రకారం మూడేళ్ల వరకు సమయం ఉందన్న నమ్మకంతో యూనియన్ కార్యాలయాల చుట్టూ తిరుగుతూ ఉండేవారు ఈ తేడాను గమనించాలి. జిల్లా కార్మిక శాఖ అధికారులు తమ వద్దకు వచ్చే వినతులపై స్వీకరణ తేదీతో పాటు తొలగింపు ఉత్తర్వు తేదీని కూడా తప్పనిసరిగా నమోదు చేయవలసి ఉంటుంది.